అరుగు మీద విస్తరి

పోయిన నెల మా రవణమ్మ చిన్నమ్మ పెట్టె తెరిచాం. మనిషి పోయి పక్షం దాటింది, ఇక తెరవచ్చు అని పెద్దవాళ్ళు అన్నారు. ఆ పెద్దవాళ్ళలో నేనూ ఒకదాన్నని అప్పుడే తెలిసి కొంచెం ఉలిక్కిపడ్డాను. రెండు చీరలు, ఒక రాగి చెంబు, వేపాకు పొడి మూట, వాటి అడుగున అరచేతిలో సగం ఉండే రేకు బిళ్ళ ఒకటి. పైన బెజ్జం, బెజ్జంలో నల్లబడిన దారం, మధ్యలో ఉలితో కొట్టిన అంకె. పిల్లలు తలా ఒక మాట అన్నారు. ఎద్దు మెడలోదని ఒకడు, కచ్చేరీ బంట్రోతుదని ఇంకొకడు. నా వైపు మాత్రం ఎవరూ చూడలేదు. నన్ను అడిగితే అది ఉదయగిరి కోటలో నవాబుగారి ఏనుగు చెవికి వేలాడిన పోగు అని చెప్తాననీ, ఆ ఏనుగు నా చేత్తో చెరుకు తిన్నదని కూడా చెప్తాననీ వాళ్ళకు తెలుసు. నా మాటకు మా ఇంట్లో ఉన్న విలువ అంతే. అందుకే ఈసారి నోటితో చెప్పకుండా కాగితం మీద పెడుతున్నాను. కాగితాన్నయితే మధ్యలో "చాల్లే అత్తా" అని ఆపలేరు.

రవణమ్మ మా చిన్నాయన భార్య, ఉదయగిరి ఆడపడుచు. నన్ను కన్న నెలలోనే మా అమ్మ పోతే, ఆత్మకూరుకు కాపురానికి వచ్చి ఏడాది కూడా కాని చిన్నమ్మ నన్ను ఒళ్ళో వేసుకుంది. ఆ ఒడి అంతా ఎముకలు. తుంటి ఎముక ఇటు, మోకాలి చిప్ప అటు. మధ్యలో సర్దుకొని పడుకోవడం నాకు అలవాటైంది. మెత్తటి ఒడి అనేది లోకంలో ఉంటుందని పరాయి ఇళ్ళకు పోయినాకే తెలిసింది, తెలిసినా అందులో నాకు నిద్ర పట్టలేదు. పెళ్ళినాడు ఆమె బూరెబుగ్గల పిల్లట. ఆ తర్వాత ముందు బుగ్గలు, ఆపైన చేతులు, తొడలు, పిక్కలు ఒక్కొక్కటే తగ్గుతూ పోయి, ఎవరో లోపలి నుంచి దూది లాగేసిన పరుపులా అయిపోయింది. పోనీ జబ్బు మనిషా అంటే కాదు. రోటి ముందు కూర్చుంటే చేతుల మీద నరాలు పగ్గాల్లా లేచేవి, దండ కండ పహిల్వానుకు ఉన్నట్టు ఉబికేది. పొట్ట ఒక్కటి కొంచెం ముందుకు ఉండేది. దాన్ని చూసి వీధి ఆడవాళ్ళు "ఎన్నో నెల రవణమ్మా?" అని అడిగేవాళ్ళు. "మీరు అడగను మొదలుపెట్టి ముప్పయ్యో నెల" అనేది ఆమె, బిందె దించకుండానే.

ఇక తిండి. ముగ్గురు మగవాళ్ళు తినేది ఆమె ఒక్కతే తినేది, తిని గంట తిరక్కుండానే మళ్ళీ ఉట్టి వైపు చూసేది. తిన్నది ఎక్కడికి పోతున్నదో ఎవరికీ అంతుపట్టలేదు. మా అవ్వ, అంటే నాయనకు తల్లి, రకరకాలుగా వెతికింది. కడుపులో పురుగని ఆముదం పట్టించింది. దిష్టి అని మిరపకాయలు తిప్పింది. చిన్నమ్మ మెడ వెనక చర్మం నల్లగా, మందంగా మఖమలులా ఉండేది. అది మురికి అనుకొని శుక్రవారం శుక్రవారం సున్నిపిండి పెట్టి, "ఏం మెడో ఏమో, బొగ్గుల బస్తా మోసినట్టు ఉండాది" అంటూ తోమిందే తోమింది. ఆ తోముడుకు ఇత్తడి చెంబయితే బంగారమై ఉండేది. మెడ మాత్రం మారలేదు.

అవ్వ బాధ కోడలి ఒళ్ళు కాదు, ఊరి నోరు. "ఆ ముసల్ది కోడలికి కూడు పెట్టదు, చూడండి బిడ్డ ఎట్లా ఎండిపోయిందో" అని బావి దగ్గర అనుకునేవాళ్ళు. మా అవ్వ అన్నీ ఓర్చుకునేది గానీ వడ్డన మీద మాట పడితే ఓర్చుకోలేదు. ఒకరోజు ఒక నిర్ణయానికి వచ్చింది. కోడళ్ళు వంటింట్లో మూలన అందరి తర్వాత తినే కాలం అది. అటువంటిది, పట్టపగలు, వీధి అరుగు మీద విస్తరి వేయించి, కోడల్ని కూర్చోబెట్టి, తాను పక్కన గరిటె పట్టుకొని నిలబడింది. సంగటి ముద్దలో గుంట చేసి, తమలపాకు వేసి కాచిన నెయ్యి ఆ గుంట నిండి పొర్లేదాకా పోసేది. ఆ నెయ్యి వాసన వీధి మలుపు దాకా పోయేది. నా లెక్కన సోమశిల దాకా పోయేది, సరే, మలుపు దాకా అనే పెట్టుకోండి. దారిన పోయేవాణ్ణి పిలిచేది.

"ఏమబ్బీ, ఆగు. ఇది ఎన్నో ముద్దో తెలుసునా? నాలుగోది. చూసినావు గదా. పోయి చెప్పు."

"నేనేం అడగలేదు గదవ్వా."

"అడగలేదులే, అనుకున్నావు. పో."

చిన్నమ్మ తల వంచుకొని తినేది. సిగ్గుతో చచ్చిపోతున్నా చేయి ఆగేది కాదు, ఆకలి అట్లాంటిది. అంత నెయ్యి పోసినా ఆమె మరీ ఎండిపోతూనే ఉంది. ఊరు ఇంకో మాట పట్టుకుంది: ముసల్ది జనం ముందు పెట్టి లోపల కక్కిస్తుందట. అవ్వ దానికి జవాబుగా ఇంకో గరిటె నెయ్యి పెంచింది.

అట్లా ఉండగా ధాత నామ సంవత్సరపు కరువు వచ్చింది. వానలు ఎగ్గొట్టిన సంగతి, పెన్నలో ఇసుక తప్ప ఏమీ పారని సంగతి చాలామంది చెప్పగా విన్నారు, నేను మళ్ళీ చెప్పను. మా ఇంటి కప్పు మీది బోద పీకి రెండు బర్రెలకు వేశాం, ఆ తర్వాత ఇంట్లో పడుకుంటే మొగం మీదికి ఎండ వచ్చేది. నాయన, చిన్నాయన సొంత బండ్లు కట్టుకొని నెల్లూరు నుంచి బియ్యం తోలడానికి పోయారు. వారాల తరబడి రారు. అందువల్ల మా ఇంట్లో పొయ్యి ఆరలేదు. అరుగు మీది విస్తరి మాత్రం లోపలికి వచ్చింది. వీధిలో ఆకలితో పోయే జనం ముందు తినడానికి మా అవ్వకు కూడా మొహం చెల్లలేదు. తలుపు మూసి తినడం మొదలైన నాటి నుంచి, చిన్నమ్మకు కూడు లేదన్న మాట ఊళ్ళో రూఢి అయిపోయింది.

ఊరి బయట గంజి కొట్టాలు వేశారు. ఎవరు పనికి పోగలరు, ఎవరికి ఊరికే గంజి పోయాలి అని తేల్చడానికి ఒక గుమాస్తా వీధి వీధి తిరిగి మనుషుల్ని చూసేవాడు. చూడటమే పరీక్ష. ఎముకలు కనబడితే మెడలో రేకు బిళ్ళ, లేకపోతే పొమ్మనడం. మా పక్కింట్లో దూదేకుల మస్తానమ్మ ఒంటరి మనిషి. మొగుడు పోయాక దూది ఏకి బతికేది, కరువులో దూది ఎక్కడిది. తిండి లేక లేక ఆమె ఒళ్ళు నీరు పట్టింది. పాదాలు రొట్టెల్లా, మొహం పున్నమి చంద్రుడిలా ఉబ్బింది. గుమాస్తా ఆమెను ఎగాదిగా చూశాడు.

"నీకెందుకమ్మా గంజి? నాకంటే దుక్కలా ఉండావు."

వీధంతా నవ్వింది. మస్తానమ్మ ఇంట్లో గింజలు పాతిపెట్టుకొని తింటున్నదని అప్పటికే అందరి అనుమానం. అంతలో బిందె చంకన పెట్టుకొని చిన్నమ్మ ఎదురొచ్చింది. గుమాస్తా కళ్ళలో నీళ్ళు తిరిగాయి, నేను చూశాను. ఒక్క మాట అడక్కుండా ఆమె మెడలో బిళ్ళ వేసి, మా గడపలో నిలబడ్డ అవ్వను చూసి, "మీరు మనుషులేనా?" అని పోయాడు.

అవ్వ ఆ బిళ్ళను తెంపి పెంటదిబ్బ మీదికి విసిరింది. ఆ పూట తాను అన్నం తినలేదు. మర్నాడు పొద్దున్నే చిన్నమ్మ పేడ ఎత్తడానికి పోయి, ఆ బిళ్ళ ఏరి, కడిగి, కొంగున కట్టుకోవడం నేను చూశాను.

"ఏంది చిన్నమ్మా అది?"

"నీ నోరు మూసుకుంటే చెప్తా."

అవ్వ మధ్యాహ్నం కునుకు తీసే వేళ చిన్నమ్మ చెంబు పట్టుకొని గంజి కొట్టానికి పోయేది. బిళ్ళ ఉన్నవాళ్ళు అక్కడే తాగాలి. కానీ ఈమె వాలకం చూసి, దీని గతే ఇట్లా ఉంటే ఇంట్లో లేవలేనివాళ్ళ గతి ఎట్లా ఉందోనని చెంబులో పోసి పంపేవాళ్ళు, ఒక గరిటె ఎక్కువే. ఆ చెంబు తిన్నగా మస్తానమ్మ గుడిసెకు చేరేది. దారిలో వేడి గంజి ఆవిరి ఆమె మొహానికి కొడుతుంటే, గొంతు పైకీ కిందికీ కదలడం నాకు కనిపించేది. ఆమె గొంతులో కొవ్వు లేదు గదా, మింగిన ఉమ్మి కూడా కనబడుతుంది.

"ఒక్క గుక్క తాగరాదా చిన్నమ్మా."

"తాగితే ఆపలేనే. చెంబు ఖాళీ అయ్యేదాకా ఆపలేను. నా సంగతి నాకు తెలుసు."

అవ్వ లేచి కోడలేదని అడిగితే జవాబు చెప్పడం నా పని. మొదటి రోజు బావి కాడ ఉండాది అన్నాను. రెండో రోజు బావి కాడ రద్దీగా ఉండాది అన్నాను. నాలుగో రోజుకు బావిలో పాము పడింది, దాన్ని తీయడానికి నలుగురు దిగారు, వారంలోగా ఆ పాముకు పిల్లలు కూడా పుట్టాయి. అవ్వ ముక్కుపొడి పీలుస్తూ ఆ పాము సంసారం గురించి రోజూ అడిగేది. నా విద్యకు అక్షరాభ్యాసం అక్కడే జరిగింది.

ఉదయగిరి నుంచి వచ్చిన బండివాడెవడో గంజి వరసలో చిన్నమ్మను గుర్తుపట్టి పోయి చెప్పాడు. నాలుగో నాటికి వాళ్ళ అన్న పెంచలయ్య మామ బండి కట్టుకొని వచ్చి, లోపలికి రమ్మన్నా రాకుండా వాకిట్లో నిలబడ్డాడు.

"నా చెల్లెల్ని గంజికి పంపించినారంట. మాకాడ గంజి లేదనుకున్నారా?"

"ఎవురన్నారురా ఆ మాట? నా కోడలు ఆ కొట్టం తొక్కలేదు. కావాలంటే ఈ పాపను అడుగు, రోజూ బావి కాడికే పోయినాది."

మామ నా వైపు చూశాడు. నేను పాము వైపు నుంచి ఆలోచించాను, ఏమీ తోచలేదు. చిన్నమ్మ కూడా పలకలేదు. ఒకరి బిళ్ళ మీద ఇంకొకరు తాగుతున్నారని బయటపడితే పేరు కొట్టేస్తారు, మస్తానమ్మ చస్తుంది. ఆ మౌనం మామకు వేరే రకంగా అర్థమైంది.

"చూడత్తా, దీన్ని తీసుకపోతుండా. మళ్ళీ పంపను. మీ చిన్నోడికి ఇంకోదాన్ని చేసుకోండి, పెట్టేదుంటే."

ఆ మాట విని నేను చిన్నమ్మ కొంగు రెండు చేతులతో పట్టుకున్నాను. అవ్వ గడప దిగి మామకు ఎదురుగా వచ్చింది. వచ్చి అంది: "మీ ఊళ్ళో హకీం సాయిబు ఉండాడు గదా, నాడి చూస్తే నిన్నటి కూర చెప్తాడంటారు. నేనూ వస్తా. నేను కూడు పెట్టలేదని ఆయన అంటే, నీ చెల్లెల్ని నువ్వే ఉంచుకో, నా కొడుక్కి నేను చెప్పుకుంటా. పెట్టినానని అంటే, నా ఇంటికి తిరిగి తోలుకొచ్చి, ఇదే వాకిట్లో నిలబడి ఆ మాట అను."

నన్ను వదిలిపోతే ఏడుస్తానని నన్నూ బండిలో వేసుకున్నారు. మేం పోయివచ్చే మూడు రోజులకు మస్తానమ్మకు చిన్నమ్మ తన తిండిలోంచి సంగటి కట్టి ఇచ్చి వచ్చిందని నాకు ఒక్కదానికే తెలుసు. దారి పొడుగునా అవ్వ ఒక పక్క, మామ ఒక పక్క, ఎడమొగం పెడమొగంగా కూర్చున్నారు. మధ్యలో చిన్నమ్మ మాత్రం మూటలోని అటుకులు అయిపోయేదాకా తింటూనే ఉంది. మామ ఆమెను అట్లా చూసి, "ఎన్నాళ్ళ ఆకలో పాపం" అన్నాడు. అవ్వ పళ్ళు కొరుక్కుంది.

హకీం సాయిబు ఇల్లు కొండ కింద. అడుగు పెట్టగానే సునాముఖి ఆకు, గులాబీ నీళ్ళు, మేక పాలు కలిసిన వాసన. ఆయన గడ్డం కూడా మేక పాల రంగే. నెత్తురు తీసి చూడటం ఆయన పద్ధతి, కానీ చిన్నమ్మను చూసి ముందు తల అడ్డంగా ఊపి, కరువుకు చిక్కినవాళ్ళ నెత్తురు నేను తీయనన్నాడు. తర్వాత నాడి పట్టుకున్నాడు. కంటి కింది రెప్ప లాగి చూశాడు. కుడి పక్క డొక్క కింద నొక్కి, ఇక్కడ బరువుగా ఉంటుందా బిడ్డా అన్నాడు, ఉంటుందంది. మోచేతుల మీద ఆవగింజలంతేసి పసుప్పచ్చ పొక్కులు ఉంటే వాటిని వేలితో తడిమి, ఇవి ఎన్నాళ్ళ నుంచి అన్నాడు.

"చెమట కాయలు సాయిబూ" అంది అవ్వ.

"నీకు చెమట పట్టదా అమ్మా? నీకు లేవే." మామ వైపు తిరిగాడు. "ఆకలికి ఎండినవాళ్ళకు కొవ్వుతో పాటు కండ కూడా పోతుంది నాయనా. ఈ బిడ్డకు కండ ఉంది, దాని పైన పరుపు లేదు. ఇది కరువు పని కాదు."

నరం కోసం వెతకనక్కర్లేదు, చేతి మీద అన్నీ బయటే ఉన్నాయి. కత్తి మొన ఆనించాడు. పింగాణీ గిన్నెలో పడిన నెత్తురు నెత్తురులా లేదు, చిక్కటి రాగి జావలో పాలు కలిపిన రంగులో ఉంది. హకీం సాయిబు గిన్నెను కిటికీలో పెట్టి, మమ్మల్ని కూర్చోమని, నమాజుకు పోయాడు. తిరిగి వచ్చి గిన్నె మా ముందు పెట్టాడు. అడుగున నల్లగా గడ్డ కట్టింది. దాని మీద మూడు వేళ్ళ మందం మీగడ. సరే, ఒక వేలు. కానీ తెలుపు, అచ్చం మీగడ తెలుపు. ఇది నా అబద్ధాల్లో చేర్చకండి. ఎన్ని కల్లలు చెప్పినా చెవొగ్గి విన్న ఆత్మకూరు ఈ ఒక్క నిజాన్ని ఈరోజుకూ నమ్మలేదు.

"అమ్మా, మీ ఇంట్లో ధాన్యం పాతర ఉందా?" అన్నాడు హకీం సాయిబు.

"ఉండాది. ఇప్పుడు ఖాళీ."

"ఆ పాతర పూడిపోయింది అనుకో. పొలం నుంచి బండ్లు వస్తూనే ఉన్నాయి. ఏం చేస్తావు?"

"వాకిట్లో పోస్తా. వీధిలో పోస్తా."

"అంతే. కొవ్వు దాచుకునే పాతర ఈ బిడ్డ ఒంట్లో పూడిపోయింది. ఎందుకో ఖుదాకు తెలుసు, నాకు తెలియదు. తిన్న నెయ్యి పోయే చోటు లేక నెత్తుట్లో తిరుగుతోంది, కార్జంలో చేరి పొట్ట పెంచింది, మోచేతుల్లో కాయలు కాసింది. దాచుకున్నది లేదు గనక ఒళ్ళు ఎప్పుడూ ఇంకా తెమ్మంటుంది, అందుకే ఆకలి. నువ్వు పెట్టలేదని ఎవరన్నారు? కావలసినదానికంటే ఎక్కువ పెట్టావు. ఇక నెయ్యి వద్దు, మీగడ వద్దు, మాంసం కొవ్వు వద్దు. రాగులు, ఆకుకూర, పలుచటి మజ్జిగ. ఇంకో రెండేళ్ళు నీ గరిటె ఆడితే బిడ్డ దక్కేది కాదు."

గెలిచింది అవ్వే. కానీ గెలిచినవాళ్ళ మొహం అట్లా ఉండదు. అరుగు మీద నిలబడి పోసిన గరిటెలన్నీ ఆ గిన్నెలో తేలుతున్నట్టు దాన్నే చూస్తూ కూర్చుంది. మామ తల గోక్కున్నాడు.

"మరి గంజి కొట్టంలో ఎందుకు నిలబడినావే నువ్వు?"

చిన్నమ్మ కొంగు ముడి విప్పి బిళ్ళ తీసి చాప మీద పెట్టింది. మస్తానమ్మ సంగతి చెప్పింది. నీరు పట్టిన ఒంటిని చూసి బలిసిందన్నారనీ, తన ఎముకలు చూసి బిళ్ళ ఇచ్చారనీ, ఆ గంజి తనది కాదని ఆమెకే మోసిందనీ చెప్పింది. "నన్ను చూసి ఊరంతా ఇన్నాళ్ళు ఏమనుకున్నారో, ఆమెను చూసీ అట్లాగే తప్పు అనుకుంటుండారు. నాకు కాక ఇంకెవురికి తెలస్తాది?"

అవ్వ మెల్లగా నా వైపు తిరిగింది. "బావిలో పాము, దాని పిల్లలు?"

"ఉండాయి అవ్వా" అన్నాను. అంత దూరం వచ్చాక వెనక్కి పోలేను గదా.

మామ చేతులు జోడించాడు గానీ అన్న మనసు గనక ఇంకో మాట అన్నాడు: "మాట ప్రకారం తోలుకొస్తా అత్తా. అయినా దాని ఇష్టం. ఉంటానంటే నా ఇంట్లో రాగులు ఉండాయి."

అప్పుడు మా అవ్వ, నా ఎరుకలో మొదటిసారి, కోడల్ని ఏదో చెప్పడానికి కాక అడగడానికి నోరు తెరిచింది. "వస్తావా రవణమ్మా?"

చిన్నమ్మ నా వైపు చూసింది, బిళ్ళ వైపు చూసింది. నేను ఆమె కొంగు పట్టుకున్నాను.

"వస్తా. ఇంకెప్పుడూ అరుగు మీద కూర్చోబెట్టి తినిపించకూడదు."

"తినిపించను."

"శుక్రవారం మెడ తోమకూడదు."

అవ్వ దీనికి కొంచెం ఎక్కువసేపు ఆలోచించింది. "సరేలే" అంది.

పెంచలయ్య మామ మా వాకిట్లో నిలబడి, వీధి వినేలా ఆ మాట అన్నాడు. నెత్తుట్లో మీగడ అని చెప్పేసరికి జనం నవ్వారు, ఈ మామకు కూడా ఆ పాప గాలి సోకిందన్నారు. నెల తిరిగేసరికి మస్తానమ్మ ఒంట్లో నీరు తీసింది. చిన్నమ్మ మోస్తూ వచ్చిన గంజి పుణ్యాన కోలుకునే కొద్దీ ఎముకలు బయటపడి చిక్కిపోయింది. మళ్ళీ వచ్చిన గుమాస్తా ఆమెను చూసి అయ్యో అని, ఆమె బతికి బట్టకట్టాక, మెడలో బిళ్ళ వేశాడు. అప్పుడు చిన్నమ్మ తన బిళ్ళను పెట్టె అడుగున పడేసింది.

ఈ మధ్య నెల్లూరులో ఒక దొరసాని డాక్టరుతో ఈ కథ చెప్పాను. నవ్వుతుందని ముందే సిద్ధపడ్డాను. ఆమె నవ్వకుండా, మెడ నలుపు గురించి, మోచేతి పొక్కుల గురించి గుచ్చి గుచ్చి అడిగి రాసుకుంది. అటువంటివాళ్ళు ఎక్కడో ఒకరు ఉంటారనీ, ఎందుకట్లా అవుతుందో తమకూ ఇంకా తెలియదనీ చెప్పింది. ఇప్పుడు అద్దాల గొట్టాలు, పొడుగాటి పేర్లు వచ్చాయి. ఆనాడు కిటికీలో పెట్టిన ఒక పింగాణీ గిన్నె, ఓపికగా ఎదురుచూసే ఒక ముసలాయన ఉన్నారు. మనిషిని చూసి తీర్పు చెప్పే గుమాస్తాలు మాత్రం అప్పటికీ ఇప్పటికీ తగ్గలేదు, వాళ్ళకు కరువు కూడా అక్కర్లేదు.

నెయ్యి ముట్టకుండా, ఆకలితో పోట్లాడుతూ చిన్నమ్మ అరవై దాటి బతికింది. అవ్వ ఉన్నన్నాళ్ళూ వంటింట్లో తలుపు మూసి ఆమె పక్కన కూర్చొని తానూ పొడి సంగటే తిన్నది. ఎందుకని అడిగితే నెయ్యి తనకు పడదనేది, నేను చెప్పినవాటికంటే పెద్ద అబద్ధం. పోయిన నెల చిన్నమ్మను ఆఖరిసారి వాకిట్లో పడుకోబెట్టినప్పుడు, చూడవచ్చిన కొత్తతరం ఆడవాళ్ళు ముక్కున వేలేసుకొని, "ఎంత చిక్కిపోయిందో పాపం, ఆఖర్లో ఎవరూ సరిగ్గా పెట్టలేదు కాబోలు" అన్నారు. నా చేయి నాకు తెలియకుండానే గరిటె కోసం వెతికింది.